నీళ్ళు తేరుకునేదాకా

ఒక పరుగుకీ ఇంకో పరుగుకీ నడుమ
పద్దెనిమిది నిమిషాలు ఏమీ చెయ్యం.
నీళ్ళు తేరుకోవాలి.
మాణిక్యాచారి చిటికెడు రంపపు పొడి
తొట్టి మధ్యలో వదిలి, వంగి చూస్తాడు.
అది కదిలిందా,
పోయిన అల ఇంకా బతికే ఉన్నట్టు.
కదలడం మానేదాకా టీ.

గిండీలో, రేకుల కప్పు కింద, ఎనభై మీటర్ల నీళ్ళు.
మే నెల. గోడ అవతల
లారీ కోసం బిందెలు వరస కట్టి ఉన్నాయి,
రంగు వెలిసిన ప్లాస్టిక్ బిందెలు, ఒకదానికి తాడు.
గేటు దగ్గర ఒకామె అడిగింది నన్ను:
లోపల అన్నేసి నీళ్ళు పెట్టుకుని ఏం చేస్తారని.
సముద్రం చేస్తాం అన్నాను.
ఇంత సిగ్గుపడిన మాట
ఈ ఊళ్ళో నేను మరొకటి అనలేదు.

చేసేది అదే మరి.
ఇక్కడ జానెడు అల, అక్కడ రెండు నిలువులు.
ఇక్కడి సెకను అక్కడ నాలుగు.
పడవను పదహారో వంతుకు కుదించాక
కాలాన్నీ కుదించాలి, బరువునైతే మరీ.
కిలో బాటు పెట్టామంటే నాలుగు టన్నుల ఐసు.
ఉప్పు లేని లోటుకు వేరే లెక్క.
ఆచారికి లెక్కలు పట్టవు.
టేకు పలక మీద గోరు నడిపి
"ఇక్కడ వెంట్రుక మందం ఎక్కువుంది" అంటాడు.
కొలిస్తే, ఉంటుంది.

ఆవేళ కాశిమేడు నుంచి
పడవ సొంతదారు వచ్చాడు, మైలపిల్లి గురన్న.
ఎవరూ అడక్కుండానే చెప్పులు బయట విడిచాడు.
నాలుగడుగుల తన పడవను చూసి నవ్వాడు.
వెనక డెక్కు మీద, సరదాకి,
ఆచారి నిలబెట్టిన వేలెడు చెక్క మనిషిని చూసి
ఇంకా నవ్వాడు.
"మా మనవడికిస్తే రెండ్రోజుల్లో ఇరగ్గొట్టెస్తాడు."

వేలితో ఒత్తి వదిలాను. ఊగింది.
అటూ ఇటూ కలిపి ఒకటిన్నర సెకను,
విసురుగా, కోపంగా.
"ఇదిగో, ఇలాగే కొడతాదమ్మా.
రేత్రి నిద్దరుండదు. కుర్రోళ్ళకి నడుములు పోతన్నాయి."
ఆయన అడిగిన రెండో ఐసు గది
డెక్కు మీద పెట్టాను, బాట్లతో సహా.
మళ్ళీ ఒత్తాను.
రెండుంపావు, రెండున్నర సెకన్లు.
ఉయ్యాల.
గురన్న మొహం విచ్చుకుంది: "అదీ! అలాగుండాల."

ఎలా చెప్పను,
యాభై ఏళ్ళ సముద్రానికి,
హాయిగా ఊగే పడవ
తిరిగి లేవాలా వద్దా అని
ఆలోచిస్తోందని.

చెప్పలేదు. అల వదిలాను.
మొదటిది ఎక్కింది, రెండోది ఎక్కింది.
అయిదోదానికి పక్కకు వాలి
కాసేపు అలాగే ఉంది,
ఎవరో పిలిచినట్టు, వింటున్నట్టు.
ఆరోది రాకముందే బోర్లా పడింది.
చప్పుడు లేదు. తొట్లో గిన్నె జారినంత.

ఆచారి కొక్కెంతో లాగాడు, ముక్కు కిందికి వంచి నీళ్ళు ఒంపాడు.
"ఆ మనిసేడీ?" అన్నాడు గురన్న.
అప్పుడు చూశాం, డెక్కు ఖాళీ.
అల విరగడానికి కట్టిన వాలు దగ్గర, ఆ చివర
చెక్క మనిషి తేలుతున్నాడు, మొహం కిందికి.
గురన్న ఎనభై మీటర్లూ నడిచి వెళ్ళి
మోకాళ్ళ మీద కూర్చుని తీశాడు. పంచెతో తుడిచాడు.

చాలాసేపటికి, నాతో కాదు, నీళ్ళతో అన్నట్టు:
"మా తోడల్లుడి పడవ ఇలాగే ఊగీది.
ఆ పడవెక్కితే బాగా నిద్దరడతాదని
కుర్రోళ్ళు పోటీ పడీవోళ్ళు."

పద్దెనిమిది నిమిషాలు.
రంపపు పొడి ఇంకా కదులుతూనే ఉంది.
ఐసు గది తీసేసి పడవను మళ్ళీ తూచాను.
పదిహేడు గ్రాములు తక్కువ.
అక్కడి లెక్కలో డెబ్భై కిలోలు.
బొమ్మ గురన్న జేబులో ఉంది. అడగలేదు.
పదిహేడు గ్రాముల సీసం ముక్క కోసి
వెనక డెక్కు మీద
అతను నిలబడ్డ చోటే పెట్టాను.